కొట్టివేత

నోటీసు నా చొక్కా జేబులో
మూడు రోజులు చెమటకి నానింది.
అప్పీలుదారు మాలకొండయ్య, తండ్రి పోలయ్య,
డోరు నంబరు పద్నాలుగు బై మూడు,
కూవం గట్టు, చింతాద్రిపేట.
అరవంలో క, గ ఒకటే అక్షరం కాబట్టి
కాగితం మీదినుంచి నోటికొచ్చేసరికి
అతను మాలగొండయ్య అవుతాడు.
నేను తిరుత్తణి వైపు వాణ్ణి, పేరు సరిచేసుకుని చదివాను.
నేను చేసిన న్యాయం అంతవరకే.

గట్టు మీద పదమూడూ లేదు, పద్నాలుగూ లేదు.
నీలం బోర్డు, ఇనప కంచె,
లోపల కొత్తగా నాటిన గన్నేరు మొక్కలు.
మట్టిలో సగం కూరుకుపోయి ఒక గడప ముక్క,
పసుపు ఇంకా వదల్లేదు.
టీకొట్టు ఆమె గ్లాసు కడుగుతూనే చెప్పింది:
"మార్గళిలో మిషన్లు తెచ్చి అన్నీ కొట్టేశారు సార్.
లారీల్లో ఎక్కించుకుపోయారు.
పెరుంబాక్కమో, కన్నగి నగరో.
ఏ బ్లాకో ఎవరికెరుక?"
టీకి డబ్బులు తీసుకోలేదు.
యూనిఫాం దగ్గర తీసుకోరు.

పెరుంబాక్కం ఈ మూల నుంచి ఆ మూలకి.
అన్నీ ఒకేలాంటి బ్లాకులు, పనిచేయని లిఫ్టులు.
నాకేమో సాయంత్రం మంత్రిగారి కాన్వాయ్ డ్యూటీ.
బండి సీటు మీద పెట్టి నోటీసు వెనక రాశాను:
సదరు వ్యక్తి ఈ చిరునామాలో లేడు,
ఇరుగుపొరుగును విచారించగా
ఆచూకీ తెలియలేదు.
ఇరుగూ లేదు అక్కడ, పొరుగూ లేదు.
ఆ మాటలు చేతికి వాటంతటవే వస్తాయి.

కోర్టులో నాలుగు నిమిషాలు.
వకీలు ఎప్పుడో వకాల్తా వదిలేసి
భూముల కేసుల్లోకి పోయాడు.
బంట్రోతు మూడుసార్లు పిలిచాడు
మాలగొండయ్యా, మాలగొండయ్యా అని,
మూడోసారి ఆవలిస్తూ.
తొమ్మిదేళ్ల అప్పీలుని మూడు వాక్యాల్లో కొట్టేశారు.
బెయిలు రద్దు. వారెంటు.

రాగితీగ కొట్టేశాడనే కదా అసలు కేసు,
రైల్వే షెడ్డు వెనక, పదకొండు కిలోలు.
కొట్టాడో లేదో ఒక్కసారి వినమని
వేసుకున్నదే ఆ అప్పీలు.
మా ఇంట్లో మాట్లాడే భాషలో
దొంగకీ బుల్డోజరుకీ జడ్జికీ
ఒకటే క్రియ.
ఆ రాత్రి అన్నం ముందు కూర్చుని
ఎందుకో ఇదే ఆలోచించాను.

తర్వాతి నెల మొదటి సోమవారం.
రైటరు సెలవు, నన్ను బల్ల దగ్గర కూర్చోబెట్టారు.
పదిన్నరకి ఒక మనిషి వచ్చాడు,
కార్పొరేషన్ వాళ్ల నారింజ కోటు,
చెప్పులు గుమ్మం బయటే వదిలి.
అడక్కముందే బీరువా చూపించాడు.
"ఎర్రట్ట బుక్కు సార్. షరతు సంతకం."

తీశాను.
తొమ్మిదేళ్లు, ఒక్క నెలా తప్పలేదు.
మొదట వేలిముద్రలు.
నాలుగో ఏటి నుంచి వంకరటింకర తెలుగు,
కూతురు నేర్పిందట.
సున్నా ఒక నెల గారెంత, ఒక నెల ఆవగింజంత.
వరదలొచ్చిన నెలలో పేజీ అంతా సిరా కారింది,
సంతకం మాత్రం ఉంది.
అదే బీరువాలో, కింది అరలో,
నా చేతిరాత నకలు: ఆచూకీ తెలియలేదు.

"ఎక్కణ్ణుంచి వస్తున్నావు?"
"పెరుంబాక్కం సార్. మూడు బస్సులు."
కాసేపాగి అడిగాడు:
"మా కేసు ఎప్పుడు పిలుస్తారు సార్?
పిలిస్తే నేనుండాలి కదా."

వారెంటు నా సొరుగులో ఉంది.
మోకాలు దానికే తగులుతోంది.
పెన్ను మూత తీసి అతని చేతికిచ్చాను.
బల్ల మీదికి వంగి, నాలుక పళ్ల మధ్య పెట్టుకుని,
మా రాశాడు. దీర్ఘం మళ్లీ దిద్దాడు.
ల రాశాడు.
తొందరపెట్టలేదు నేను.
బయట ఇన్‌స్పెక్టరు జీపు ఆగిన చప్పుడు.
అతనింకా
కొ దగ్గరే ఉన్నాడు.